కోనసీమ సముద్రంలో ఎవరికీ కనిపించని గీత: మన ఫోన్‌లో టైమ్ అక్కడిదే!

కొత్తగా వచ్చినవాళ్ళ కోసం ఒక్క ముక్క: నేను బీటెక్ చదివి, కొన్నాళ్ళు సాఫ్ట్‌వేర్ ఉద్యోగం చేసి, ఇప్పుడు ఇలా కెమెరా ముందు కూర్చుని కబుర్లు చెప్తున్నాను. ఊరు కోనసీమ. ఆయ్, ఆ కోనసీమే.

కామెంట్స్‌లో ఎప్పటినుంచో ఒక ప్రశ్న వస్తోంది. "అన్నా, సముద్రంలో టైమ్ వంగిపోయే చోటు నిజంగా ఉంటుందా?" అని. ఎందుకు అడుగుతున్నారో నాకు తెలుసు. 2014లో వచ్చిన ఇంటర్‌స్టెల్లార్ సినిమాలో ఒక గ్రహం ఉంటుంది కదా, అంతా నీళ్ళే. మోకాలి లోతు నీళ్ళు, దూరంగా కొండంత అల. అక్కడ ఒక గంట గడిస్తే భూమ్మీద 7 ఏళ్ళు. వాళ్ళు వెళ్ళి పని చూసుకుని ఓడలోకి తిరిగొచ్చేసరికి, పైన ఎదురుచూస్తున్న మనిషికి 23 ఏళ్ళు గడిచిపోతాయి.

ఇలాంటి కథ మనకి కొత్తేం కాదు. భాగవతం నవమ స్కంధంలో రైవతుడనే రాజున్నాడు. ఆయన వంశంవాళ్ళ ఊరు కుశస్థలి, సముద్రంలో కట్టుకున్న నగరం. కూతురు రేవతికి మంచి సంబంధం చెప్పమని అడగడానికి ఆయన బ్రహ్మలోకం వెళ్తాడు. అక్కడ పాట కచేరీ జరుగుతుంటే కాసేపు ఆగుతాడు. పాట అయ్యాక అడిగితే బ్రహ్మ నవ్వి, "నువ్వు మనసులో అనుకున్న పెళ్ళికొడుకులు ఎవరూ ఇప్పుడు లేరయ్యా, కింద 27 మహాయుగాలు గడిచిపోయాయి" అంటాడు. చివరికి రేవతిని బలరాముడికిచ్చి పెళ్ళి చేస్తారు.

ఇవి రెండూ కథలు. ఈరోజు వీడియో మాత్రం కథ కాదు. నిజమైన సముద్రంలో, నిజమైన మనుషులకి, టైమ్ నిజంగా తేడా చేసింది. ఆ తేడాకి కారణం కనిపెట్టడానికి మనుషులు వందల ఏళ్ళు తల బద్దలు కొట్టుకున్నారు. ఈ కథలో మన కాకినాడ, మన అమలాపురం కూడా ఉన్నాయి. చివర్లో, ఇంట్లో ఎవరైనా వేటకి వెళ్ళేవాళ్ళుంటే వాళ్ళకి చెప్పాల్సిన పనికొచ్చే మాట ఒకటుంది. అది మిస్ అవ్వకండి.

మొదటి కేసు. మాయమైన గురువారం.

1519లో స్పెయిన్ నుంచి మెజెల్లాన్ 5 ఓడలతో బయల్దేరాడు. పడమటి దారిలో మసాలా దీవులు చేరాలని. మెజెల్లాన్ దారిలో ఫిలిప్పీన్స్‌లోనే చనిపోయాడు. మూడేళ్ళ తర్వాత, 1522లో, విక్టోరియా అనే ఒక్క ఓడ మిగిలింది. స్పెయిన్ చేరేసరికి అందులో ఉన్నది 18 మంది. ఆ 18 మందిలో పిగఫెట్టా అనే ఆయన మొదట్నుంచి ఒక్కరోజు కూడా తప్పకుండా డైరీ రాశాడు.

ఇంటికి చేరడానికి కొన్ని వారాల ముందు తిండి కోసం కేప్ వెర్డే దీవుల దగ్గర ఆగారు. ఒడ్డుకి వెళ్ళినవాళ్ళు ఈరోజు ఏం వారం అని అడిగారు. "గురువారం" అన్నారు అక్కడి జనం. పిగఫెట్టా డైరీ చూస్తే బుధవారం! రోజూ రాశాడు, జబ్బు కూడా పడలేదు. మరి ఒక రోజు ఎక్కడికి పోయింది?

ఎక్కడికీ పోలేదండి. చిన్న చిన్న ముక్కలుగా ఖర్చయిపోయింది. వాళ్ళు మొత్తం ప్రయాణం పడమటి వైపు చేశారు, అంటే సూర్యుడు వెళ్ళే వైపే. సూర్యుడి వెనకాల పరిగెడుతున్నప్పుడు పొద్దు కొంచెం ఆలస్యంగా గుంకుతుంది. రోజు సాగుతుంది. ఎంత సాగింది? ఒక రోజుకి 86,400 సెకన్లు. వాళ్ళ ప్రయాణం సుమారు 1,080 రోజులు. భాగిస్తే సగటున రోజుకి 80 సెకన్లు. ఓడలో ఎవరికి తెలుస్తుంది 80 సెకన్లు? మూడేళ్ళు పోగేస్తే ఒక సూర్యోదయం తక్కువ చూశారు. ఒడ్డున ఉన్నవాళ్ళు ఆ సూర్యోదయాన్ని కూడా చూశారు. అంతే తేడా.

ఇక్కడ ఒక మాట పట్టుకోండి, వీడియో మొత్తం దీనిమీదే నడుస్తుంది. సముద్రంలో టైమ్ అంటే చోటు. నువ్వు చోటు మారితే నీ టైమ్ మారుతుంది. తిప్పి చూస్తే, నీకు టైమ్ కచ్చితంగా తెలిస్తే నువ్వు ఏ చోట ఉన్నావో తెలుస్తుంది.

లెక్క చాలా సింపుల్. భూమి 24 గంటల్లో 360 డిగ్రీలు తిరుగుతుంది. గంటకి 15 డిగ్రీలు. ఒక డిగ్రీకి 4 నిమిషాలు. మన కోనసీమ దగ్గర ఒక డిగ్రీ అంటే తూర్పు పడమరలుగా సుమారు 106 కిలోమీటర్లు. అంటే ఒక్క నిమిషం టైమ్ తేడా, 26 కిలోమీటర్ల దూరం తేడా.

ఇప్పుడు నడిసముద్రంలో ఉన్న ఓడని ఊహించుకోండి. ఉత్తరం దక్షిణం తెలుసుకోవడం తేలికే, ధ్రువ నక్షత్రం ఎత్తు చూస్తే చాలు. తూర్పు పడమర ఎక్కడున్నామో తెలియాలంటే బయల్దేరిన ఊళ్ళో ఇప్పుడు టైమ్ ఎంతో తెలియాలి. ఇక్కడ నడినెత్తిన ఎండ ఉంది, అక్కడ ఇంకా ఉదయం 9 అయింది అనుకోండి, అప్పుడు మూడు గంటల తేడా, 45 డిగ్రీలు తూర్పున ఉన్నాం అని లెక్క. కానీ ఆ రోజుల్లో ఊగే ఓడలో, ఎండకీ చలికీ, కచ్చితంగా నడిచే గడియారమే లేదు. లోలకం గడియారం ఓడలో పెడితే ఏం నడుస్తుంది చెప్పండి?

ఫలితం? 1707లో బ్రిటిష్ నావికాదళం ఓడలు ఇంటికి తిరిగొస్తూ తామెక్కడున్నామో లెక్క తప్పి సిల్లీ దీవుల రాళ్ళకి గుద్దుకున్నాయి. నాలుగు ఓడలు మునిగాయి. 1,400 నుంచి 2,000 మంది దాకా పోయారని అంచనా. తర్వాత 1714లో బ్రిటిష్ పార్లమెంటు చట్టం చేసి 20,000 పౌండ్ల బహుమతి పెట్టింది, సముద్రంలో తూర్పు పడమరల చోటు కనిపెట్టే పద్ధతి చెప్పినవాళ్ళకి. పెద్ద పెద్ద ఖగోళ శాస్త్రవేత్తలు ఆకాశంలో వెతికారు. జాన్ హారిసన్ అనే వడ్రంగి మాత్రం గడియారం తయారుచేస్తూ కూర్చున్నాడు. కొన్ని దశాబ్దాలు అదే పని. 1761లో ఆయన నాలుగో గడియారాన్ని ఓడెక్కించి జమైకా పంపితే, 81 రోజుల్లో అది తప్పింది 5 సెకన్లు. ఐదంటే ఐదే.

సరే, ఇప్పుడు మన సముద్రానికి వద్దాం.

సాఫ్ట్‌వేర్‌లో పనిచేసిన ప్రతి ఇండియన్‌నీ ఎవరో ఒక ఫారిన్ క్లయింట్ ఒకసారైనా అడిగి ఉంటాడు. "అందరికీ ఐదు గంటలు, ఆరు గంటలు ఇలా గుండుగా ఉంటుంది. మీకేంటి ఈ అయిదున్నర?" అని. నన్నూ అడిగారు. దానికి సమాధానం ఆ గీత.

భారత ప్రామాణిక కాలం 82 డిగ్రీల 30 నిమిషాల తూర్పు రేఖాంశం మీద లెక్కేస్తారు. 82.5 ని 4 తో గుణిస్తే 330 నిమిషాలు, అంటే అయిదున్నర గంటలు. స్కూల్లో ఈ గీత మిర్జాపూర్ మీదుగా పోతుందని బట్టీ పట్టాం. అది అక్కడ ఆగిపోదు కదా. ఛత్తీస్‌గఢ్, ఒడిశా దాటి మన రాష్ట్రంలోకి వచ్చి, తుని ప్రాంతంలో తీరం దాటి బంగాళాఖాతంలో దిగుతుంది. అక్కడ్నుంచి నేరుగా దక్షిణానికి, కాకినాడకీ కోనసీమకీ ఎదురుగా సముద్రంలో వెళ్తుంది. కాకినాడ నుంచి తూర్పుగా 26 కిలోమీటర్లు, కాట్రేనికోన తీరం నుంచి 30 కిలోమీటర్ల పైచిలుకు. దూరం పోయే మన బోట్లు వేటకి వెళ్తూ ఆ గీత దాటుతుంటాయి. నీళ్ళమీద గుర్తేం ఉండదు. బోర్డు ఉండదు. 140 కోట్ల మంది చేతుల్లో గడియారాలు మాత్రం దాని ప్రకారమే నడుస్తాయి.

తమాషా ఏంటంటే, మన ఫోన్ సెట్టింగ్స్‌లో టైమ్‌జోన్ పేరు ఆసియా, కోల్‌కతా అని ఉంటుంది. కోల్‌కతా ఆ గీతకి దాదాపు 6 డిగ్రీల దూరంలో, 23 నిమిషాల తేడాలో ఉంది. కాకినాడకి తేడా ఒక్క నిమిషం. పేరు వాళ్ళది, గీత మనది!

మన అమలాపురం 82 డిగ్రీల దగ్గర ఉంది. అర డిగ్రీ తేడా, అంటే రెండు నిమిషాలు. రాజోలుకి రెండున్నర పైన. అంతర్వేదికి మూడు. హైదరాబాద్‌కి 16. ముంబైకి 38. అందుకే మనవాళ్ళు హైదరాబాద్ ఉద్యోగాలకి వెళ్ళినప్పుడు "అక్కడ పొద్దు లేటుగా తెల్లారుతుంది" అంటారు. అలవాటు మార్పు ఒక్కటే కాదు, లెక్క ప్రకారమే అమలాపురానికీ హైదరాబాద్‌కీ సుమారు 14 నిమిషాల తేడా. మంచి పంచాంగకర్తలు ఏ ఊరికి లెక్కేశారో రాసేది కూడా ఇందుకే. హైదరాబాద్ సూర్యోదయంతో లెక్కేసిన ముహూర్తం కోనసీమలో పెట్టుకుంటే సగం ఘడియ పైనే తేడా వస్తుంది. ఘడియ అంటే 24 నిమిషాలు కదా.

ఈ గీత ఎప్పుడూ లేదు. 1906 జనవరి 1 నుంచి వచ్చింది. అంతకుముందు మనది మద్రాసు టైమ్. 1792లో మద్రాసులో అబ్జర్వేటరీ కట్టారు, అక్కడి నక్షత్రాల లెక్కతో గడియారాలు సరిచేసేవాళ్ళు. గ్రీనిచ్ కంటే 5 గంటల 21 నిమిషాలు ముందు. కొత్త టైమ్ వచ్చినప్పుడు గడియారాలు సుమారు 9 నిమిషాలు ముందుకి జరిగాయి. కలకత్తా ఒప్పుకోలేదు, 1948 దాకా తన టైమ్ తనదే. బొంబాయి అయితే 1955 దాకా.

మన మత్స్యకారులకి ఇవేవీ రాకముందే వేరే గడియారం ఉంది. చంద్రుడు. పోటు రోజురోజుకీ సుమారు 50 నిమిషాలు వెనక్కి జరుగుతుంది. తిథి తెలిస్తే పోటు ఎప్పుడో తెలుస్తుంది. నది సముద్రంలో కలిసే మొగ దగ్గర ఇసుక మేటలుంటాయి, పోటు చూసుకునే పడవ దాటించాలి. గోడ గడియారానికి సంబంధం లేదు. కానీ చంద్రుడి గడియారం ఎప్పుడు వెళ్ళాలో చెప్తుంది, లోపలికి వెళ్ళాక ఎక్కడున్నావో చెప్పదు. ఆ తేడా గుర్తుంచుకోండి.

మధ్యలో ఇంకో గీత గురించి చిన్నగా చెప్పేస్తాను. పసిఫిక్‌లో తేదీ రేఖ. తూర్పుకి దాటితే అదే తేదీ మళ్ళీ వస్తుంది, పడమటికి దాటితే ఒక తేదీ ఎగిరిపోతుంది. పిగఫెట్టాకి పోయిన రోజుకి అక్కడ ఖాతా సరిచేస్తాం అన్నమాట. 180 డిగ్రీల రేఖ ఫిజీలోని తవెయూని దీవి మీదుగా పోతుంది. 1903 నుంచి మద్రాసు రేవులో ఓడలెక్కి కూలీలుగా వెళ్ళిన తెలుగువాళ్ళ వారసులు ఇప్పటికీ ఫిజీలో ఉన్నారు. ఒకే దేశంలో రెండు తేదీలుంటే కుదరదు కాబట్టి తేదీ రేఖని దేశం పక్కనుంచి వంచి గీశారు. సమోవా అయితే 2011లో ఏకంగా గీత ఇటునుంచి అటు మారింది. ఆ దేశంలో 2011 డిసెంబర్ 30 అనే రోజే లేదు. డిసెంబర్ 30న పుట్టినవాళ్ళకి ఆ ఏడాది పుట్టినరోజు లేదు.

"అన్నా, ఇవన్నీ మనుషులు గీసుకున్న గీతలు. టైమ్ నిజంగా వంగలేదు కదా" అంటారా? కరెక్ట్. ఇప్పుడు నిజంగా వంగే కేసు.

మీ ఫోన్‌లో జీపీఎస్ ఎలా పనిచేస్తుంది? 20,200 కిలోమీటర్ల ఎత్తులో ఉపగ్రహాలు తిరుగుతుంటాయి. ఒక్కొక్కటీ "నేను ఫలానా చోట ఉన్నాను, ఇప్పుడు టైమ్ ఇంత" అని అరుస్తూ ఉంటుంది. ఆ కేక మీ ఫోన్‌కి ఎంత ఆలస్యంగా చేరిందో చూసి దూరం లెక్కేస్తుంది. కనీసం నాలుగు ఉపగ్రహాలు కావాలి. మూడు మీ చోటుకి, నాలుగోది మీ ఫోన్‌లో ఉన్న చవక గడియారం తప్పు సరిచేయడానికి. హారిసన్ ఐడియానే, గడియారాన్ని ఓడలోంచి తీసి ఆకాశంలో పెట్టారు.

కానీ ఐన్‌స్టీన్ చెప్పినట్టు, వేగంగా వెళ్ళే గడియారం నెమ్మదిస్తుంది. ఆ లెక్కన రోజుకి 7 మైక్రోసెకన్లు వెనకబడాలి. భూమి ఆకర్షణ తక్కువున్న చోట గడియారం వేగంగా నడుస్తుంది. ఆ లెక్కన 45 ముందుకెళ్ళాలి. కలిపితే ఆ ఉపగ్రహంలో టైమ్ రోజుకి 38 మైక్రోసెకన్లు ముందుకి పరిగెడుతుంది. ఇదీ అసలైన ఇంటర్‌స్టెల్లార్, మీ జేబులో. 38 మైక్రోసెకన్లలో కాంతి 11 కిలోమీటర్లు పోతుంది. సర్దకపోతే దూరాల లెక్కలో రోజుకి అంత తప్పు పేరుకుంటూ పోతుంది.

1977లో ఎన్‌టీఎస్-2 అనే పరీక్ష ఉపగ్రహం పంపినప్పుడు, ఈ సర్దుబాటు నిజంగా అవసరమా అని కొంతమంది ఇంజనీర్లకి అనుమానం. ఏం చేశారో తెలుసా? సర్దుబాటుకి ఒక స్విచ్ పెట్టి, ఆఫ్ చేసి పంపారు. మన భాషలో ఫీచర్ ఫ్లాగ్! సుమారు 20 రోజులు చూశారు. లక్ష కోట్లలో 446 భాగాల తేడా రావాలని సిద్ధాంతం చెప్తే, 442 వచ్చింది. నోరుమూసుకుని స్విచ్ ఆన్ చేశారు.

మన శ్రీహరికోట నుంచి 2013లో ఇలాంటి మన సొంత వ్యవస్థ మొదటి ఉపగ్రహం వెళ్ళింది. అదే ఇప్పుడు నావిక్. ఆ ఉపగ్రహంలో ఉన్న మూడు రుబీడియం గడియారాలూ తర్వాత పాడయ్యాయి. ఉపగ్రహం పైనే ఉంది, కరెంటుంది, రేడియో ఉంది. గడియారం లేకపోయేసరికి చోటు చెప్పే పనికి పనికిరాలేదు. దాని స్థానంలో పెట్టాలని 2017లో పంపినది విఫలమైంది. 2018 ఏప్రిల్‌లో పంపినది కుదిరింది. మొదట్లో చెప్పిన మాటే చూడండి. టైమ్ పోతే చోటు పోయినట్టే.

ఇప్పుడు ఇదంతా మనకెందుకు?

1996 నవంబర్ 6. మన ఇళ్ళల్లో పెద్దవాళ్ళు "తొంభై ఆరు తుఫాను" అంటారే, అది. ఆ సాయంత్రం కాకినాడకి దక్షిణంగా, మన కోనసీమ మీదే తీరం దాటింది. వెయ్యి మందికి పైగా చనిపోయారు. లక్షల కొబ్బరి చెట్లు పడిపోయాయి. వేటకి వెళ్ళి సముద్రంలో ఉన్నవాళ్ళలో వందల మంది తిరిగి రాలేదు. నేను అప్పటికి పుట్టలేదు. కానీ తీరం ఊళ్ళల్లో ఆ తారీఖు మర్చిపోయిన ఇల్లు నేను చూడలేదు. అప్పట్లో మన పడవల్లో చాలావాటికి తామెక్కడున్నారో చెప్పే సాధనం లేదు, ఒడ్డుకి చెప్పే దారీ లేదు. గాలి లేచి, మబ్బు మూసి, లైట్‌హౌస్ కనపడకపోతే ఇల్లు ఏ వైపు ఉందో ఎలా తెలుస్తుంది?

జీపీఎస్ తుఫానుని ఆపదు. ఎక్కడున్నావో మాత్రం చెప్తుంది. అది ఇప్పుడు ప్రతి ఇంట్లో ఉంది, మీ ఫోన్‌లోనే.

ఇక్కడే చాలామందికి ఒక అపోహ. సిగ్నల్ లేకపోతే లొకేషన్ రాదనుకుంటారు. తప్పు. ఫోన్ ఉపగ్రహాల మాట వింటుందంతే, వాటికి ఏమీ పంపదు. దానికి టవర్ అక్కర్లేదు, డేటా అక్కర్లేదు. ఒడ్డు నుంచి దూరం వెళ్ళాక సిగ్నల్ గీతలన్నీ పోయినా లొకేషన్ వస్తుంది. నెట్ లేనప్పుడు మొదటిసారి దొరకడానికి కొన్ని నిమిషాలు పట్టొచ్చు, ఫోన్‌ని ఆకాశం కనిపించేలా పట్టుకుని ఆగాలి. నెట్ లేక రానిది మ్యాప్ బొమ్మ. అది ఒడ్డునే డౌన్‌లోడ్ చేసి పెట్టుకోవచ్చు.

కాబట్టి వేటకి వెళ్ళే నాన్న, బాబాయ్, అన్నయ్య ఎవరున్నా ఈ మూడు పనులు ఈరోజే చేసిపెట్టండి. ఒకటి, వాళ్ళ ఫోన్‌లో తీరం మ్యాప్ ఆఫ్‌లైన్‌లో దించండి. రెండు, అక్షాంశం రేఖాంశం అంకెలు ఎక్కడ కనిపిస్తాయో చూపించి, వాళ్ళచేత ఒకసారి చదివించండి. "ఒడ్డుకి దూరంగా ఉన్నాం" అంటే ఎవరూ వెతకలేరు, రెండు అంకెలు చెప్తే వెతకగలరు. మూడు, కోస్ట్ గార్డ్ సహాయం నంబర్ 1554 సేవ్ చేయండి. ఫోన్ కలవని దూరం వెళ్ళే బోట్లకి వైర్‌లెస్ సెట్ ఉండాల్సిందే, దానికి ఫోన్ ప్రత్యామ్నాయం కాదు. బయల్దేరే ముందు హెచ్చరిక ఉందా లేదా చూడటం అన్నిటికంటే ముఖ్యం. హైదరాబాద్‌లో ఉన్న ఇన్‌కాయిస్ అనే కేంద్ర ప్రభుత్వ సంస్థ అలల ఎత్తు సమాచారం రోజూ ఇస్తుంది.

ఇక మీకు హోంవర్క్. మ్యాప్ తెరిచి మీ ఊరి రేఖాంశం చూడండి. 82.5 లోంచి అది తీసేసి 4 తో గుణించండి. ఆ గీత నుంచి మీ ఊరు అన్ని నిమిషాల దూరం. జవాబు మైనస్ వస్తే మీరు గీతకి తూర్పున ఉన్నట్టు, విశాఖవాళ్ళకి అలాగే వస్తుంది. మీ ఊరు, మీ నిమిషాలు కామెంట్‌లో పెట్టండి. దుబాయ్, డల్లాస్, ఫిజీ ఎక్కడున్నా పెట్టండి, ఎవరిది ఎక్కువ దూరమో చూద్దాం.

ఈ వీడియో ఒక్కరికే పంపాలనుకుంటే, తీరం ఊళ్ళో ఉన్న మీ స్నేహితుడికి పంపండి. వచ్చే ఎపిసోడ్‌లో కలుద్దాం. ఉంటానండి మరి.